నిజాం అండతో వెలిగి.. నిజాం ఆజ్ఞతో ఆరిన ‘లోటస్’

హైదరాబాద్‌లో మూకీ చిత్రాలు తీసిన వంగదేశీయుడు ధీరేన్ గంగూలీ

చిక్కడపల్లి: హుస్సేన్‌సాగర్ కట్ట దిగి, లోయర్ ట్యాంక్‌బండ్ మీదుగా అశోక్‌నగర్ దాటి ఆర్టీసీ క్రాస్‌రోడ్స్ చేరేసరికి సినిమా లోకం ఎదురవుతుంది. సంధ్య, దేవి, సుదర్శన్ పేర్లు తెలియని చిత్రాభిమాని తెలుగునాట ఉండడు. కొత్త చిత్రం విడుదలైన రోజు చిక్కడపల్లి, నారాయణగూడ దారులు జనంతో కిక్కిరిసిపోతాయి. అయితే ఈ నగరానికి చలనచిత్ర నిర్మాణం పరిచయమై నూరేళ్లు దాటిందని, ఆ పనికి పూనుకున్నది తెలుగువాడు కాదని, ఒక వంగదేశీయుడని ఆ జనసందోహంలో ఎరిగినవారు బహు కొద్దిమంది. ఆయన పేరు ధీరేంద్రనాథ్ గంగూలీ. సినీ లోకం ఆయనను ధీరేన్ గంగూలీ అనీ, ముద్దుగా డి.జి. అనీ పిలుచుకుంది. తన చిత్రాలలో తానే నటించడం, తన ముఖాన్నే ప్రయోగశాలగా చేసుకోవడం ఆయన ప్రత్యేకత. 1922లో ఆయన హైదరాబాద్‌లో స్థాపించిన లోటస్ ఫిల్మ్ కంపెనీ ఆయుర్దాయం సుమారు రెండేళ్లు మాత్రమే. సంస్థ మూతపడింది ప్రేక్షకులు రాక కాదు, ప్రభువు ఆగ్రహించి.

తన ముఖమే తన పుస్తకం

గంగూలీ 1893 మార్చి 26న జన్మించారు. రవీంద్రనాథ్ ఠాగూర్ 1901లో శాంతినికేతన్‌లో నెలకొల్పిన ఆశ్రమ విద్యాలయంలో ఆయన చదువుకున్నారు. విశ్వభారతి విశ్వవిద్యాలయం అప్పటికి ఇంకా ఏర్పడలేదు. చెట్ల నీడన పాఠాలు, పాఠంతో పాటే పాట, చిత్రలేఖనం, నాటకం. ఆ వాతావరణంలో పెరిగిన యువకునికి కుంచె పట్టడం, వేషం కట్టడం వేర్వేరు విద్యలుగా తోచకపోవడంలో ఆశ్చర్యం లేదు.

చదువు ముగిశాక ఆయన హైదరాబాద్ చేరుకున్నారు. నిజాం సంస్థానంలోని కళాపాఠశాలకు ప్రధానోపాధ్యాయుడుగా నియమితులయ్యారు. కలకత్తా నుంచి హైదరాబాద్‌కు విద్యావంతులు రావడం ఆనాటికి కొత్త కాదు. సరోజినీ నాయుడు తండ్రి అఘోరనాథ్ చట్టోపాధ్యాయ అంతకు ఎన్నో ఏళ్ల ముందే ఇక్కడికి వచ్చి, నిజాం కళాశాలగా రూపొందిన విద్యాసంస్థకు పునాది వేశారు. మీర్ ఉస్మాన్ అలీఖాన్ 1911లో సింహాసనం అధిష్ఠించారు. 1908 నాటి మూసీ వరద గాయాల నుంచి తేరుకుంటున్న నగరానికి కొత్త రోడ్లు, కొత్త భవనాలు, కొత్త పాఠశాలలు సమకూరుతున్న కాలమది. 1918లో ఉస్మానియా విశ్వవిద్యాలయం వెలసింది. నేర్పు గల పరదేశీయునికి సంస్థానంలో ఆదరణ దొరికేది.

బొమ్మలు గీయడం నేర్పుతూనే గంగూలీ మరొక విచిత్రమైన పనికి పూనుకున్నారు. రకరకాల వేషాలు ధరించి, రకరకాల భావాలు ముఖాన పలికించి, తన ఛాయాచిత్రాలు తానే తీయించుకున్నారు. వాటిని ‘భావేర్ అభివ్యక్తి’ పేరిట 1915లో పుస్తకంగా ప్రచురించారు. భావాల అభివ్యక్తి అని దాని అర్థం. అందులో పురుషులూ ఆయనే, స్త్రీలూ ఆయనే. వేషం మారుతుంది, వయసు మారుతుంది, ముఖంలో భావం మారుతుంది. మనిషి మాత్రం ఒక్కడే. అప్పటికి ఆయన వయసు ఇరవై రెండేళ్లు.

ఇది కేవలం వినోదం కోసం చేసిన పని అనుకుంటే పొరపాటే. రంగస్థలం మీద నటుడు దూరాన ఉంటాడు. చివరి వరుసలో కూర్చున్నవాడికి కూడా అర్థం కావాలి కనుక గొంతు పెంచుతాడు, చేతులు ఊపుతాడు. కెమెరా ముందు ఆ అవసరం లేదు. కనుబొమ చిన్నగా కదిలినా చాలు. మాట లేని మూకీ చిత్రానికి ఈ విద్యే ప్రాణం. చలనచిత్రం ఇంకా తప్పటడుగులు వేస్తున్న రోజుల్లోనే, చేతిలో మూవీ కెమెరా లేకుండానే గంగూలీ ఈ సాధన మొదలుపెట్టారు. దాదాసాహెబ్ ఫాల్కే ‘రాజా హరిశ్చంద్ర’ వచ్చి అప్పటికి రెండేళ్లే అయింది. ఆ చిత్రంలో తారామతి పాత్రను సాలుంకే అనే పురుషుడు పోషించవలసి వచ్చింది. కెమెరా ముందుకు రావడానికి స్త్రీలు సమ్మతించని కాలంలో ఆడవేషం కట్టడం నటునికి గత్యంతరం లేని పని. గంగూలీ మాత్రం ఎవరూ అడగకుండా, కేవలం తన నేర్పును పరీక్షించుకోవడానికి ఆ పని చేశారు.

ఈ విద్య అనుకోని చోట కూడా ఆయనకు అక్కరకు వచ్చింది. మారువేషాలు ధరించడంలో కలకత్తా డిటెక్టివులకు శిక్షణ ఇచ్చే బాధ్యతను అక్కడి పోలీసు శాఖ తరువాతి కాలంలో ఆయనకు అప్పగించింది.

విలాయతీ బాబుపై వ్యంగ్యాస్త్రం

గంగూలీ తన పుస్తకం ప్రతిని కలకత్తాలోని జె.ఎఫ్.మదన్‌కు పంపించారు. పార్శీ నాటకరంగం నుంచి ఎదిగిన మదన్ అప్పటికే సినిమా వ్యాపారంలో మహారాజు. దేశంలోని సినిమా హాళ్లలో పెద్ద భాగం ఆయన కుటుంబం చేతిలోకి చేరుతున్న రోజులవి. ఆ పరిచయం గంగూలీని చిత్రరంగంలోకి నడిపించింది. మదన్ సంస్థలో మేనేజరుగా ఉన్న నితీశ్ లాహిరితో స్నేహం కుదిరింది. ఇద్దరూ కలిసి ఇండో బ్రిటిష్ ఫిల్మ్ కంపెనీని ఆరంభించారు. వంగదేశీయులు సొంతంగా నెలకొల్పుకున్న తొలి చిత్ర నిర్మాణ సంస్థగా దానిని చరిత్రకారులు గుర్తిస్తారు. ఈ లాహిరి అనంతర కాలంలో 1962-63లో రోటరీ ఇంటర్నేషనల్ అధ్యక్ష పదవిని అలంకరించడం విశేషం.

వారి తొలి చిత్రం ‘బిలాత్ ఫెరాత్’ 1921లో కలకత్తాలో విడుదలైంది. ఇంగ్లండు వెళ్లి వచ్చినవాడు అని ఆ పేరుకు అర్థం. లాహిరి దర్శకత్వం వహించగా కథ సమకూర్చి, నాయక పాత్ర ధరించింది గంగూలీ. సీమ నుంచి తిరిగివచ్చిన యువకునికి స్వదేశంలోని ప్రతిదీ వెలితిగా కనిపిస్తుంది. ప్రేమ, పెళ్లి విషయాలలో తెల్లవారి పద్ధతి కావాలంటాడు. ఇంట్లో పెద్దలు పాత పద్ధతి వదలరు. ఇద్దరి మూర్ఖత్వాన్నీ సమానంగా నవ్వులపాలు చేసిన చిత్రమిది. పురాణ కథలు తప్ప మరొకటి తెర కెక్కని రోజుల్లో, తమ వీధిలో తిరిగే మనిషిని తెర మీద చూసుకోవడం ప్రేక్షకులకు కొత్త అనుభవం.

ఇటువంటి హాస్యం తెలుగువారికి పరాయిది కాదు. కందుకూరి ప్రహసనాలు, గురజాడ గిరీశం అప్పటికే వచ్చి ఉన్నాయి. మొక్కపాటి నరసింహశాస్త్రి ‘బారిస్టర్ పార్వతీశం’ మొదటి భాగం 1924లో వెలువడింది. ఇంగ్లండు ప్రయాణం, ఇంగ్లీషు నాగరికత దేశమంతటా నవ్వుకూ చర్చకూ కేంద్రమైన కాలమది. తేడా ఏమిటంటే గంగూలీ ఆ నవ్వును కాగితం మీద గాక ఫిల్ము మీద పండించారు. పైగా నవ్వులపాలయ్యే పాత్రను ఇతరులకు అప్పగించక తానే ధరించారు.

సరిగ్గా అదే 1921లో దక్షిణాదిన మద్రాసులో రఘుపతి వెంకయ్య కుమారుడు ఆర్.ఎస్.ప్రకాశ్ ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు. భీష్ముడుగా తానే నటించారు. దర్శకుడే నటుడు, నిర్మాతే ప్రదర్శకుడు కావడం ఆనాడు గొప్ప కోసం చేసిన పని కాదు. వేషానికి మనుషులు దొరకరు. దొరికినా కెమెరా అంటే తెలియదు. తెలిసినవాడు తానొక్కడే అయినప్పుడు వెనకా తానే, ముందూ తానే కావలసి వచ్చేది.

కలకత్తా వదలి మళ్లీ హైదరాబాద్‌కు

ఇండో బ్రిటిష్ కంపెనీ ఎక్కువ కాలం నిలువలేదు. కలకత్తాలో సొంతంగా చిత్రం తీసినా దానిని చూపించడానికి హాలు కావాలి. హాళ్లపై పెత్తనం మదన్ కుటుంబానిది. ఈ చిక్కుముడి ఈనాటి చిన్న నిర్మాతలకూ తెలిసినదే. గంగూలీ చూపు తనకు పరిచయమైన హైదరాబాద్ వైపు మళ్లింది. 1922లో ఇక్కడికి వచ్చి లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించారు. నిజాం ప్రభువు ఆదరణ లభించింది. ఆ అండతో ఒక స్టూడియో, రెండు సినిమా హాళ్లు సమకూరాయి. తీసేదీ తానే, చూపేదీ తానే అన్న స్వాతంత్ర్యం దక్కింది. అప్పటికి దేశంలో స్వతంత్ర చిత్రకారులెవరికీ సులభంగా అందని అదృష్టమిది.

లోటస్ పతాకంపై రెండేళ్లలో వరుసగా చిత్రాలు వెలువడ్డాయి. ‘ది లేడీ టీచర్’, ‘ఇంద్రజిత్’, ‘హర గౌరి’, ‘సాధు ఔర్ సైతాన్’ 1922 నాటివి. ‘బిమాత’, ‘చింతామణి’, ‘ది మ్యారేజ్ టానిక్’, ‘యయాతి’ మరుసటి ఏడాదివి. ఈ పేర్ల వరుస గమనిస్తే ఆయన అంతరంగం బోధపడుతుంది. ఒక చేత్తో పురాణం, మరొక చేత్తో సాంఘిక హాస్యం. పురాణం జనాన్ని రప్పిస్తుంది. హాస్యం ఆయన మనసుకు నచ్చింది. చింతామణి పేరు కాళ్లకూరి నారాయణరావు నాటకం పుణ్యాన తెలుగువారి నాలుకలపై నానినదే. బిమాత అంటే సవతి తల్లి.

చలనచిత్రానికి మాట లేకపోవడం హైదరాబాద్ వంటి సంస్థానంలో వరమైంది. దర్బారు వ్యవహారం ఉర్దూలో సాగేది. ఊళ్లలో తెలుగు, మరాఠీ, కన్నడం. నాటక సమాజం వస్తే ఏదో ఒక భాష వారికే వినోదం. మూకీకి ఆ బెడద లేదు. బొమ్మల నడుమ వచ్చే అక్షరాల కార్డులను చదువు వచ్చినవారు బిగ్గరగా చదివి పక్కవారికి వినిపించేవారు. తెర పక్కన వాద్యగాళ్లు సందర్భానికి తగినట్టు వాయించేవారు. ముఖంలో భావం పలికించడమే వృత్తిగా సాధన చేసిన గంగూలీకి ఇంతకన్నా అనువైన ప్రేక్షకులు దొరకడం కష్టం.

అన్నట్టు ఆ రోజుల్లో స్టూడియో అంటే ఈనాటి ఫిల్మ్ సిటీలను ఊహించుకోకూడదు. చిత్రీకరణకు సూర్యుడే దీపం. పైకప్పు లేని ఆవరణ, వెలుతురును మెత్తగా మలచడానికి తెల్లని గుడ్డలు, చేత్తో తిప్పే కెమెరా. మబ్బు పడితే పని ఆగిపోవలసిందే. ఫిల్మును సీసాల రసాయనాలలో కడిగి, ఆరబెట్టి, కత్తిరించి అతికించడం అంతా చేతిపనే.

చిచ్చు పెట్టిన రజియా

1924లో పిడుగు పడింది. గంగూలీ తన హాలులో బొంబాయిలో తయారైన ‘రజియా బేగం’ చిత్రాన్ని ప్రదర్శించారు. ఢిల్లీ సింహాసనంపై 1236 నుంచి 1240 వరకు కూర్చున్న సుల్తానా రజియా చరిత్ర అందరూ ఎరిగినదే. చరిత్రకారులు ఆమె పేరుతో ముడిపెట్టేది యాకూత్ అనే అబిసీనియా బానిసను. ఆ చిత్రంలో మాత్రం ముస్లిం రాకుమారికీ హిందూ యువకునికీ నడుమ ప్రణయాన్ని కల్పించారు. అది నిజాం ప్రభువు ఆగ్రహానికి కారణమైంది. తక్షణం సంస్థానం విడిచి వెళ్లవలసిందిగా గంగూలీకి ఆజ్ఞ జారీ అయింది.

ఇందులో గమనించవలసిన సంగతి ఒకటుంది. ఆ చిత్రం గంగూలీ తీసినది కాదు. అందులో ఆయన నటించలేదు. తన సొంత చిత్రాలలో సమాజాన్ని ఎంతగానో ఆటపట్టించిన మనిషికి ఆ చిత్రాలతో ఏ ముప్పూ రాలేదు. ఎవరో ఎక్కడో తీసిన బొమ్మను తన తెరపై చూపినందుకు మొత్తం కట్టుకున్నదంతా కూలిపోయింది.

నిజాం కోపాన్ని అర్థం చేసుకోవాలంటే ఆ సంవత్సరాన్ని గుర్తు చేసుకోవాలి. 1924 మార్చిలో టర్కీలో ఖలీఫా పదవిని రద్దు చేశారు. పదవి కోల్పోయిన ఖలీఫాకు నిజాం భృతి ఏర్పాటు చేశారు. ఖిలాఫత్ రోజుల నాటి హిందూ ముస్లిం సఖ్యత దేశమంతటా సడలిపోతున్నది. అదే ఏడాది సంస్థానంలోని గుల్బర్గాలో మతకలహాలు చెలరేగాయి. ముస్లిం ప్రభువు, హిందువులు అధికసంఖ్యాకులుగా ఉన్న ప్రజలు, తెరపై రాకుమారి ప్రేమకథ. నిప్పు రాజుకోవడానికి ఇంతకన్నా ఏమి కావాలని దర్బారు భావించి ఉంటే అది పూర్తిగా నిరాధారమైన భయం కాదు. అయినా చిత్రాన్ని నిలిపివేస్తే సరిపోయే చోట మనిషినే వెళ్లగొట్టడం, అతని పరిశ్రమనే తుడిచివేయడం న్యాయమనిపించదు. బ్రిటిష్ ఇండియాలో 1918 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం, సెన్సారు బోర్డులు ఉండేవి. సంస్థానంలో ప్రభువు మాటే చట్టం. విన్నవించుకోవడానికి మరో గుమ్మం లేదు.

స్టూడియో, హాళ్లు, రెండేళ్ల శ్రమ వదులుకుని గంగూలీ కలకత్తా దారి పట్టారు. ముప్పై ఒక్క ఏళ్ల వయసులో మళ్లీ మొదటికి వచ్చారు.

ఈ ఆజ్ఞ మూల్యం ఒక్క గంగూలీయే చెల్లించారా అన్నది ఆలోచించదగ్గది. 1920లలో బొంబాయి, కలకత్తా, మద్రాసు నగరాలలో చిత్ర పరిశ్రమ వేళ్లూనుకుంటున్నది. నాలుగో కేంద్రంగా నిలబడే అవకాశం హైదరాబాద్ గుమ్మం దాకా వచ్చి వెనుదిరిగింది. తెలుగు టాకీ పుట్టాక కూడా తెలుగువారు చిత్రాలు తీయడానికి పొరుగు రాష్ట్రాలకు పోవలసి వచ్చింది. సి.పుల్లయ్య ‘లవకుశ’ 1934లో తయారైంది కలకత్తాలోనే. ఆ తరువాత దశాబ్దాల పాటు మద్రాసే దిక్కయింది. హైదరాబాద్ అమీర్‌పేటలో సారథీ స్టూడియోస్ వెలసేసరికి 1950ల చివరి రోజులు వచ్చాయి. ఒక్క మనిషిని వెళ్లగొట్టినందువల్లే ఇదంతా జరిగిందనడం అతిశయోక్తి. పెట్టుబడి, నిపుణులు, రాజకీయ పరిస్థితులు వంటి కారణాలు చాలా ఉన్నాయి. కానీ స్టూడియో ఉన్న ఊరికి, లేని ఊరికి తేడా ఉంటుంది. పనివారు అక్కడే తయారవుతారు.

ఇతరులకు దారి చూపిన చేయి

కలకత్తాలో గంగూలీ మరోసారి నిలదొక్కుకున్నారు. 1920ల చివర బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ అనే సంస్థను నెలకొల్పారు. దాని చిత్రాల కన్నా అది చేరదీసిన మనుషుల వల్ల ఆ సంస్థ పేరు చిరకాలం నిలిచింది. బర్ద్వాన్‌లో ‘శక్తి’ అనే పత్రిక నడుపుతున్న దేవకీ బోస్‌ను గంగూలీ సినిమాలోకి తీసుకువచ్చారు. ‘చండీదాస్’తో ఆయన దేశవ్యాప్త కీర్తి గడించారు. అస్సాంలోని గౌరీపూర్ జమీందారీ కుమారుడు ప్రమథేశ్ చంద్ర బారువాకు చిత్రరంగ ప్రవేశద్వారం కూడా ఈ సంస్థే. ఆ బారువాయే 1935లో ‘దేవదాస్’ తీసి, తానే దేవదాసుగా నటించారు. 1953లో అక్కినేని నాగేశ్వరరావు ‘దేవదాసు’ చూసి కన్నీరు పెట్టిన తెలుగు ప్రేక్షకునికి ఆ పరంపర మూలాలలో హైదరాబాద్ నుంచి గెంటివేతకు గురైన ఒక మనిషి ఉన్నాడని తెలియకపోవడం సహజమే.

1931 మార్చి 14న ‘ఆలం ఆరా’ విడుదలై తెరకు మాట వచ్చింది. శబ్ద పరికరాలు కొనలేని చిన్న సంస్థలు ఒక్కొక్కటిగా కూలిపోయాయి. బ్రిటిష్ డొమినియన్ వాటిలో ఒకటి. గంగూలీ జీవితంలో ఇది రెండో పతనం. మొదటిది ప్రభువు చేసినది, రెండోది యంత్రం చేసినది. అయినా మనిషి కుంగలేదు. బి.ఎన్.సర్కార్ స్థాపించిన న్యూ థియేటర్స్‌లో చేరి 1934లో ‘ఎక్స్‌క్యూజ్ మి సర్’ వంటి హాస్య చిత్రాలు తీశారు. వీటి తర్వాత కూడా ఎన్నో చిత్రాలు వచ్చాయి. 1949 నాటి ‘కార్టూన్’తో ఆయన దర్శకత్వ జీవితం ముగిసింది. ముఖాన్ని వంకరలు తిప్పి బొమ్మలు తీయించుకున్న యువకుని చివరి చిత్రానికి ఆ పేరు అతికినట్టు సరిపోయింది.

బి.ఎన్.రెడ్డి పక్కన

దేశం ఆయనను ఆలస్యంగానైనా గుర్తించింది. 1974లో పద్మభూషణ్ పురస్కారం లభించింది. 1975 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు ప్రకటించారు. అంతకు ముందటి ఏడాది ఆ గౌరవం అందుకున్నది తెలుగువారి బి.ఎన్.రెడ్డి. ‘మల్లీశ్వరి’ తీసిన కడప జిల్లా బిడ్డ పేరు పక్కనే, హైదరాబాద్‌లో ‘ఇంద్రజిత్’ తీసిన వంగదేశీయుని పేరు ఆ జాబితాలో నేటికీ కనిపిస్తుంది.

ఆయన మూకీలు చూద్దామంటే మాత్రం అంత సులభం కాదు. మన దేశంలో 1,300 పైచిలుకు మూకీలు తయారైనట్టు అంచనా. వాటిలో నేడు చూడగలిగే స్థితిలో ఉన్నవి వేళ్ల మీద లెక్కపెట్టదగినన్ని మాత్రమే. నాటి నైట్రేట్ ఫిల్ము ఇట్టే అంటుకునేది. అంటుకోకపోతే తేమకు కుళ్లిపోయేది. రెండూ కాకపోతే అందులోని వెండి కోసం ఎవరో ఒకరు కరిగించుకునేవారు. టాకీలు వచ్చాక మూకీలు ఎవరికీ అక్కరలేని సరుకయ్యాయి. గంగూలీ ముఖకవళికలను ఈ తరం చూడాలంటే 1915 నాటి ఛాయాచిత్రాల పుస్తకం ఒక దారి. 

ట్యాంక్‌బండ్‌పై 1986లో ఎన్టీఆర్ ప్రభుత్వం ప్రతిష్ఠించిన విగ్రహాలలో రంగస్థల నటుడు బళ్ళారి రాఘవ ఉన్నారు. ఆ వరుస తెలుగు వెలుగుల కోసం ఉద్దేశించినది కనుక గంగూలీకి అందులో చోటు ఆశించలేము. అయితే కట్ట కింది థియేటర్లలో ఏదో ఒకదానిలో ఆయన ఛాయాచిత్రం ఒకటి తగిలిస్తే ఖర్చు పెద్దగా కాదు.

ధీరేన్ గంగూలీ 1978 నవంబర్ 18న తన ఎనభై అయిదో ఏట కన్నుమూశారు. బంజారాహిల్స్‌లో అక్కినేని నాగేశ్వరరావు అన్నపూర్ణ స్టూడియోస్ ఆరంభించి అప్పటికి రెండేళ్లు దాటింది.